కారు ఆట కొనేముందు: ఏ ఆట అన్నది ఆఖరి ప్రశ్న

పోయిన సంక్రాంతికి మా చెల్లెలి కొడుకు బొబ్బిలి నుంచి విజయనగరం వస్తూ ఒక పెద్ద అట్టపెట్టె వెంట తెచ్చాడు. అందులో స్టీరింగు, దానికి తోడు మూడు పెడళ్ళు. ఎవరో రెండేళ్ళు వాడి విశాఖలో అమ్మకానికి పెడితే సగం ధరకు బేరమాడి కొన్నాడట. అరిసెల పళ్ళెం పక్కకు జరిపి భోజనాల బల్లకు స్టీరింగు బిగించాం. ఆటలు ఆడే యంత్రం, అదే వాడి కన్సోల్‌ను టీవీకి తగిలించాం. దీపం వెలిగింది. స్టీరింగు దానంతటదే ఎడమకోసారి, కుడికోసారి తిరిగి ఆగింది. తెర మీది కారు మాత్రం ఉలకలేదు, పలకలేదు. గంటన్నర కుస్తీ పట్టాక పెట్టె పక్కనున్న చిన్న అక్షరాలు చదివాం. అది వేరే కన్సోల్ కోసం చేసిన స్టీరింగు.

"ఏ ఆట మంచిదని పదిమందిని అడిగాను మావయ్యా. ఈ సంగతి ఒక్కరూ చెప్పలేదు" అన్నాడు వాడు దిగాలుగా.

వాడు అడగలేదు కాబట్టి ఎవరూ చెప్పలేదు. రేసింగ్ ఆట కొనాలనుకునే ప్రతివారూ మొదట వేసే ప్రశ్న "ఏది మంచిది?" అనే. దానికి జవాబు చెప్పేవారికి కొదవ లేదు, యూట్యూబ్ నిండా వాళ్ళే. అయితే తెర మీది క్రికెట్ ఆటను ఏ కంట్రోలర్‌తో, అంటే చేత్తో పట్టుకుని మీటలు నొక్కే పరికరంతో, ఆడినా రుచి పెద్దగా మారదు. కారు ఆట రుచిలో సగం మన చేతిలో ఏముంది, కాలి కింద ఏముంది, ఎదురుగా ఎలాంటి తెర ఉంది అన్నవాటి నుంచి వస్తుంది. మిగతా సగం దుకాణం మనకు నిజంగా అమ్ముతున్నది ఏమిటన్న దాంట్లో ఉంది. ఈ రెండూ తేలాక ఆట పేరు తేల్చుకోవడం పెద్ద పని కాదు.

టైరుకు వచ్చే జీతం

ఆటల పెట్టెల మీద నిజం బండిలా నడిచేదైతే "సిమ్యులేషన్" అని, సరదా ఆటైతే "ఆర్కేడ్" అని రాసి ఉంటుంది. ఆ ముద్రలను నమ్ముకుంటే లాభం లేదు. ఆ మాటను ఎవరైనా అచ్చువేసుకోవచ్చు. అసలు తేడా అంతా టైరు దగ్గర ఉంది.

కారు ఎంత పెద్దదైనా రోడ్డును తాకేది నాలుగు టైర్లే. ఒక్కొక్క టైరూ సుమారు అరచేయంత మేర నేలను పట్టుకుని ఉంటుంది. ఆ పట్టును టైరుకు వచ్చే నెల జీతం అనుకోండి. బ్రేకు వేయడానికి కొంత ఖర్చవుతుంది, మలుపు తిరగడానికి కొంత, వేగం పెంచడానికి కొంత. జీతమంతా బ్రేకు మీద ఖర్చు పెట్టేసి, అదే క్షణంలో స్టీరింగు తిప్పితే కారు తిరగదు. తిరగడానికి చేతిలో పైసా మిగల్లేదు కాబట్టి తిన్నగా గోడలోకి పోతుంది. అందుకే రేసు డ్రైవర్లు మలుపుకు ముందు తిన్నగా ఉన్న చోట గట్టిగా బ్రేకు వేస్తారు. మలుపులోకి దిగుతున్న కొద్దీ బ్రేకు వదులుతూ, మిగిలిన పట్టును స్టీరింగుకు మళ్ళిస్తారు. ఈ పద్దు రాయడమే రేసింగ్ విద్యలో ముప్పాతిక వంతు.

ఆ జీతం కూడా స్థిరంగా ఉండదు. బరువు ఎటు వాలితే అటు పెరుగుతుంది. ఆర్టీసీ కాంప్లెక్సులో బయలుదేరిన పల్లెవెలుగు బస్సులో నిలబడి ప్రయాణించినవారికి ఇది విడమరిచి చెప్పనక్కర్లేదు. డ్రైవరు బ్రేకు తొక్కగానే జనమంతా ముందుకు ఒరుగుతారు. కారు బరువు కూడా అలాగే ముందు టైర్ల మీదికి వాలుతుంది. అవి నేలను గట్టిగా కరుచుకుంటాయి, వెనక టైర్లు తేలికైపోతాయి. సరిగ్గా అప్పుడు స్టీరింగును విసురుగా తిప్పితే వెనక భాగం జారి బండి గిర్రున తిరిగిపోతుంది.

ఆటల తయారీదారులు ఈ పద్దును ఎంత నిక్కచ్చిగా లెక్కిస్తారన్న దాన్ని బట్టే ఆటల తరగతులు ఏర్పడ్డాయి. ఫోనులో ఉచితంగా దొరికే ఆస్ఫాల్ట్ వరస ఆటలు, నీడ్ ఫర్ స్పీడ్ వంటివి అప్పు ఇచ్చే ఉదార యజమానులు. రెండు వందల వేగంలో బ్రేకు నొక్కి స్టీరింగు తిప్పినా కారు అందంగా జారుతూ మలుపు దాటేస్తుంది. గ్రాన్ టురిస్మో, ఫోర్జా వంటివి మధ్యతరగతి గృహస్థులు. లెక్క ఉంటుంది, కానీ పండగకు కాస్త సడలిస్తారు. అసెట్టో కోర్సా, ఐరేసింగ్ వంటివి పైసా పైసా అడిగే షావుకార్లు. టైరు వేడెక్కిందా, అరిగిందా, ట్యాంకులో పెట్రోలు బరువెంత అన్నవి కూడా రాసుకుంటాయి.

మొదటిసారి కొనేవాళ్ళలో చాలామంది పౌరుషానికి పోయి షావుకారు దగ్గరికే వెళ్తారు. మొదటి సాయంత్రం పదిహేనుసార్లు గడ్డిలోకి దూసుకెళ్ళి, మర్నాడు దాన్ని తెరవరు. నా మాట అడిగితే, రోజుకు అరగంట ఆడే ఓపిక లేనివారు మధ్యతరగతి ఇంట్లోనే కాపురం పెట్టడం మేలు. పైగా ఆ ఆటల్లో సహాయాలను ఒక్కొక్కటిగా తీసేయవచ్చు. చక్రాలు బిగుసుకుపోకుండా చూసే ఏబీఎస్, వృథాగా గిర్రున తిరగకుండా ఆపే ట్రాక్షన్ కంట్రోల్, ఎక్కడ బ్రేకు వేయాలో నేల మీద రంగుల గీతతో చూపే మార్గరేఖ, వీటన్నిటికీ మీటలు ఉంటాయి. అన్నీ పెట్టుకుని మొదలుపెట్టి నెలకొకటి తీసేస్తూ పోతే ఒకే ఆట నాలుగు ఆటలంత కాలం వస్తుంది. అలా తీసేసే వీలు లేని ఆటకు 4,000 రూపాయలు పోయడం నాకైతే నచ్చదు.

ఇలాంటి ఆటలతో నిజంగా డ్రైవింగ్ వస్తుందా అని మా బావగారు వెటకారంగా అడిగారు. జాన్ మార్డెన్‌బరో అనే బ్రిటిష్ కుర్రవాడు గ్రాన్ టురిస్మో ఆడేవారి కోసం నిస్సాన్, సోనీ కలిసి నడిపిన పోటీలో 2011లో గెలిచి, నిజమైన రేసు కారెక్కాడు. 2013లో ఫ్రాన్స్‌లో జరిగే ల మాన్స్ 24 గంటల కారు పందెంలో ఆయన జట్టు తన తరగతిలో మూడో స్థానంలో నిలిచింది. అది లక్షల్లో ఒకరి కథ. మా మేనల్లుడి విషయంలో బావగారు నిశ్చింతగా ఉండవచ్చు.

పట్టా అనుకున్నది కౌలు

ఇక్కడ కాస్త నెమ్మదిగా చదవండి, డబ్బు పోయేది ఎక్కువగా ఈ చోటే.

ఆన్‌లైన్ దుకాణంలో "కొనండి" అన్న మీట నొక్కినప్పుడు మన పేరున ఆట రాసిచ్చినట్టు అనిపిస్తుంది. నిజానికి అది ఆడుకోవడానికి ఇచ్చిన అనుమతి మాత్రమే. పట్టా అనుకుని చేతిలో పెట్టుకున్న కాగితం కౌలు పత్రమని తెలిస్తే రైతుకు ఎలా ఉంటుందో, ది క్రూ అనే కారు ఆట కొన్నవారికి 2024లో అలా అయింది. యూబీసాఫ్ట్ సంస్థ 2014 డిసెంబరులో తెచ్చిన ఆట అది. అమెరికా దేశాన్నంతా కుదించి ఒకే రోడ్ల పటంగా చేసి, దాని మీద తిరగనిచ్చారు. ఒంటరిగా ఆడినా మన యంత్రం ఇంటర్నెట్ ద్వారా సంస్థ సర్వరుతో, అంటే సంస్థ నడిపే కంప్యూటర్‌తో, మాట్లాడుతూనే ఉండాలి. 2024 మార్చి 31న ఆ సర్వర్లను ఆపేశారు. అంతే, డబ్బు పోసి కొన్నవారి దగ్గర డిస్కులు మిగిలాయి, ఆట పోయింది. దాని మీద చెలరేగిన కోపమే ఐరోపాలో "స్టాప్ కిల్లింగ్ గేమ్స్" ఉద్యమమైంది. పది లక్షలకు పైగా సంతకాలు పోగయ్యాయి. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రంలో, అమ్ముతున్నది అనుమతి మాత్రమేనని దుకాణం ముందే చెప్పాలన్న చట్టం 2025 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చింది.

కారు ఆటలకు ఇంకో రకం గండం కూడా ఉంది. దీన్ని పై దానితో కలిపేసి చాలామంది గందరగోళపడతారు. ఫోర్జా హొరైజన్ 4 అనే ఆట 2018లో వచ్చింది. 2024 డిసెంబరు 15న దాన్ని దుకాణాల్లోంచి తీసేశారు. కారణం సర్వర్లు కాదు, కార్ల కంపెనీలతో, పాటల కంపెనీలతో చేసుకున్న ఒప్పందాల గడువు. ఆటలో కనిపించే ప్రతి కారుకూ, దాని బొమ్మకూ పేరుకూ కంపెనీ అనుమతి కావాలి. ఆ అనుమతులకు కాలపరిమితి ఉంటుంది. అది ముగిస్తే కొత్తగా అమ్మడానికి వీల్లేదు. అంతకుముందే కొన్నవారు మాత్రం ఇప్పటికీ ఆడుకోవచ్చు, మళ్ళీ దించుకోవచ్చు.

అంటే ఒక ఆట అంగట్లోంచి దిగిపోవడం వేరు, ఆరిపోవడం వేరు. మొదటిది కొనాలనుకునేవారికి నష్టం, రెండోది కొన్నవారికి నష్టం. ఏళ్ళు గడిచిన కారు ఆటకు హఠాత్తుగా భారీ తగ్గింపు కనిపిస్తే గడువు దగ్గరపడిందేమో వెతికి చూడండి. దగ్గరపడితే భయపడనక్కర్లేదు, నిజానికి కొనడానికి అదే మంచి అదను. ఇంటర్నెట్ లేకుండా ఒంటరిగా ఆడలేని ఆట విషయంలో మాత్రం వయసు చూసి, సంస్థ తీరు చూసి అడుగు వేయాలి.

ఈ ఒప్పందాల మహిమ వింతగా ఉంటుంది. పోర్షె కార్లను ఆటల్లో చూపే హక్కు చాలా ఏళ్ళపాటు, 2016 చివరి దాకా, నీడ్ ఫర్ స్పీడ్ ఆటలు తెచ్చే ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ సంస్థ గుప్పిట్లో ఉండేది. అందుకే గ్రాన్ టురిస్మోలో ఏళ్ళ తరబడి పోర్షెకు బదులు అదే ఆకారంలో ఉండే రూఫ్ అనే జర్మన్ కంపెనీ కార్లు కనిపించేవి. గుద్దితే కారు నుజ్జు కాకపోవడానికి కూడా చాలాచోట్ల ఇదే కారణం. తమ కారు తుక్కుతుక్కవడం తెర మీద చూడటానికి చాలా కంపెనీలు ఇష్టపడవు. విరగ్గొట్టడమే మీ సరదా అయితే లేని కంపెనీల కార్లతో చేసిన రెక్‌ఫెస్ట్ వంటి ఆట వెతుక్కోవాలి.

"ఎప్పుడూ ఆన్‌లైన్" అన్న షరతు మన ఉత్తరాంధ్రవారికి మరింత బరువు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్, 2018 అక్టోబరు 11న తిత్లీ తుపానులు ఈ తీరాన్ని ఊడ్చేశాక కరెంటూ ఫోనూ ఎన్నాళ్ళకు తిరిగివచ్చాయో ఉద్దానంవారిని అడగండి. అంతదాకా ఎందుకు, జోరువాన కురిసిన రాత్రి కరెంటు ఇన్వర్టరు మీద ఉన్నా, వీధిలో ఫైబరు తీగ తెగితే ఆట మూగబోతుంది. గ్రాన్ టురిస్మో 7 ఇంత మంచి ఆటై ఉండీ, ఒంటరిగా ఆడే భాగంలో ఎక్కువ పాలు ఇంటర్నెట్ లేకపోతే తెరుచుకోదు. 2022 మార్చిలో, విడుదలైన రెండు వారాలకే, సర్వర్లు ముప్పై గంటలకు పైగా ఆగిపోతే ప్రపంచమంతా చేతులు కట్టుకుని కూర్చుంది. ఇది తెలిసి కొంటే చింత లేదు.

నూటపది జీబీల బండి

ఈ కాలపు పెద్ద కారు ఆటలు డిస్కులో వచ్చినా, రాకపోయినా, దించుకోవలసింది చాలా ఉంటుంది. ఫోర్జా హొరైజన్ 5కు కంప్యూటర్‌లో 110 జీబీ స్థలం కావాలి. రోజుకు 1.5 జీబీ ఇచ్చే ఫోను ప్యాకుతో దించుకుందామనుకుంటే 73 రోజుల పైనే పడుతుంది, అదీ వాట్సాప్ కూడా చూడకుండా. 30 ఎంబీపీఎస్ ఫైబరు ఉంటే ఎనిమిది గంటల పైచిలుకు. రాత్రి పెట్టి పడుకుంటే తెల్లారేసరికి అయిపోతుంది. మధ్యలో కరెంటు పోయినా ఆగిన చోటి నుంచే మళ్ళీ మొదలవుతుంది. అసలు ఇబ్బంది ఆ తరవాత నెలనెలా వచ్చే మార్పుచేర్పులది. అవీ జీబీల లెక్కనే ఉంటాయి. ఇంట్లో ఫైబరు లేనివారు డిస్కు కొంటే అన్నీ తీరిపోతాయనుకోవద్దు.

డిస్కుకు వేరే సుగుణం ఉంది. ఆడేశాక స్నేహితుడికి ఇవ్వవచ్చు, అమ్మవచ్చు. అయితే డిస్కు పెట్టే చోటే లేని కన్సోళ్ళు చవగ్గా దొరుకుతున్నాయి. విడిగా డిస్కు డ్రైవు తగిలించుకునే వీలు కూడా లేనిదాన్ని కొన్నవారికి ఇక ఎప్పటికీ ఆన్‌లైన్ దుకాణమే గతి. కన్సోల్ మీద మిగిల్చిన డబ్బు నాలుగైదు ఆటలయ్యేసరికి వడ్డీతో సహా కట్టేస్తారు.

కంప్యూటర్ సంగతి క్లుప్తంగా: కాలేజీ చదువు కోసం కొన్న మామూలు ల్యాప్‌టాప్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు ఉండదు. కొత్త ఆటలు దాని మీద కదలవు. ఆట పేజీలో "కనీసం" అని రాసిన వివరాలు ఆట తెరుచుకోవడానికి సరిపోతాయి, ఆడటానికి కాదు. "సిఫారసు" అన్న వరస చూసి పోల్చుకోండి.

కారు ఆటల్లో బొమ్మల నాణ్యత కన్నా క్షణానికి ఎన్ని బొమ్మలు మారుతున్నాయన్నది ముఖ్యం. 200 కిలోమీటర్ల వేగంలో కారు సెకనుకు దాదాపు 56 మీటర్లు పోతుంది. సెకనుకు 30 బొమ్మలు చూపే తెర మీద ఒక బొమ్మకూ ఇంకో బొమ్మకూ మధ్య కారు 1.85 మీటర్లు గెంతుతుంది. 60 బొమ్మలైతే 93 సెంటీమీటర్లు. బ్రేకు ఎక్కడ వేయాలో తేల్చుకునేది ఆ మీటరు తేడాలోనే. కాబట్టి నీటి మీద ప్రతిబింబాలు, చెట్ల ఆకులు తగ్గించి అయినా 60 తెచ్చుకోవాలి. టీవీలో "గేమ్ మోడ్" అనే అమరిక ఉంటే తప్పక వేయండి. చేయి తిప్పిన దానికీ తెర మీద కదిలిన దానికీ మధ్య ఆలస్యం తగ్గుతుంది. దీనికి రూపాయి ఖర్చు లేదు, అయినా పదిళ్ళలో తొమ్మిదిళ్ళు దాన్ని ముట్టుకోవు.

చేతికి తెలిసేది, కాలికి తెలిసేది

కీబోర్డుతో కారు నడపడం అంటే బ్రేకును పూర్తిగా తొక్కడమో, పూర్తిగా వదలడమో మాత్రమే వచ్చిన డ్రైవరు పక్కన కూర్చున్నట్టు. టైరు జీతం గురించి పైన చెప్పుకున్నదంతా వృథా. కనీసం కంట్రోలర్ ఉండాలి. దాని వెనకున్న మీటలు ఎంత నొక్కితే అంత పని చేస్తాయి. చాలామందికి అది చాలు. ఈ ఆటలు తయారయ్యేది కూడా దాన్నే దృష్టిలో పెట్టుకుని.

స్టీరింగుకు వెళ్ళాలనుకుంటే మా వాడి పాఠం మొదటిది: ఏ కన్సోల్‌కు ఏ స్టీరింగు. ప్లేస్టేషన్ కోసం చేసినది ఎక్స్‌బాక్స్ మీద పనిచేయదు, అటుది ఇటు పనిచేయదు. లాజిటెక్ కంపెనీ స్టీరింగుల్లో జీ29 ప్లేస్టేషన్‌కు, చూడటానికి కవలపిల్లలా ఉండే జీ920 ఎక్స్‌బాక్స్‌కు. కంప్యూటర్ మీద మాత్రం రెండూ పనిచేస్తాయి. కాబట్టి పాత సరుకు కొనేముందు పూర్తి మోడల్ సంఖ్య అడగండి, వీలైతే మీ యంత్రం మీదే పెట్టి చూపమనండి. పెడళ్ళు, కరెంటు అడాప్టరు, బల్లకు బిగించే మరలు పెట్టెలో ఉన్నాయో లేదో చూసుకోండి. గేరు కర్ర చాలావాటికి విడిగా కొనుక్కోవాలి.

స్టీరింగు లోపల ఒక మోటారు ఉంటుంది. ముందు టైర్లు పట్టు కోల్పోతున్నప్పుడు స్టీరింగు చక్రం తేలికవుతుంది, గతుకులు తగిలినప్పుడు అదురుతుంది. డబ్బు పోసి కొనేది ఈ కబురునే. చవక రకాల్లో మోటారు బలాన్ని పళ్ళ చక్రాలు స్టీరింగుకు అందిస్తాయి. గరగరమని చప్పుడు వస్తుంది. ఉమ్మడి కుటుంబంలో రాత్రి పదకొండుకు ఆడితే మీ రేసు సంగతి ఇంటిల్లిపాదికీ తెలుస్తుంది. ఆపై రకాల్లో బెల్టు ఉంటుంది. ఖరీదైనవాటిలో మోటారు ఇరుసుకే చక్రం నేరుగా బిగుస్తుంది. మోటారు లేకుండా స్ప్రింగుతో తిరిగి వచ్చే బొమ్మ స్టీరింగులు రెండు మూడు వేలకు దొరుకుతాయి. వాటికన్నా మంచి కంట్రోలర్ నయం.

అందరూ చక్రం మీద డబ్బు పోస్తారు. ల్యాపు సమయం, అంటే ట్రాకును ఒక చుట్టు తిరగడానికి పట్టే సమయం, తగ్గించేది నిజానికి బ్రేకు పెడల్. మామూలు పెడల్ ఎంత దూరం కిందికి పోయిందో కొలుస్తుంది. లోడ్ సెల్ ఉన్న పెడల్ ఎంత బలంగా తొక్కారో కొలుస్తుంది. నిజం కారులో కూడా మన కాలికి గుర్తుండేది బలమే, దూరం కాదు. నా చేతిలో పదివేలు అదనంగా ఉంటే చక్రం మార్చను, బ్రేకు మారుస్తాను.

ఇక కుర్చీ. నవ్వకండి, ఇది పెద్ద విషయం. చక్రాలున్న ఆఫీసు కుర్చీలో కూర్చుని గట్టిగా బ్రేకు తొక్కితే ఆగేది తెర మీది కారు, వెనక్కి పోయేది మీరు. నున్నటి టైల్స్ మీద ప్లాస్టిక్ కుర్చీదీ అదే కథ. కుర్చీ వీపును గోడకు ఆనించడం ఇంతవరకు నేను చూసిన అత్యుత్తమ పరిష్కారం.

ఇంట్లో ఇద్దరు పిల్లలుంటే

పెట్టె మీద "మల్టీప్లేయర్" అని ఉంటే అన్నదమ్ములిద్దరూ ఒకే టీవీ ముందు ఆడుకోవచ్చని అర్థం కాదు. చాలా ఆటల్లో దాని అర్థం ఇద్దరికీ రెండు యంత్రాలు, రెండు ఆటలు, ఆపైన కన్సోల్ అయితే ఆన్‌లైన్ చందా. తెరను రెండుగా చీల్చి ఆడించే వీలు గ్రాన్ టురిస్మో 7లో ఉంది, ఫార్ములా వన్ పందేల మీద వచ్చే ఎఫ్1 వరస ఆటల్లో ఉంది. ఫోర్జా హొరైజన్ 5లో లేదు. ఆర్టీసీ కాంప్లెక్సు దగ్గరి కంప్యూటర్ సెంటర్లో గంటకింతని కట్టి, ఒకే కీబోర్డు మీద వంతులేసుకుని రోడ్ రాష్ ఆడిన మా తరానికి ఇది అన్యాయంగానే కనిపిస్తుంది.

పెద్దలకు ఇంకో భయం ఉంటుంది: ఆన్‌లైన్ ఆటలను ప్రభుత్వం నిషేధించిందట కదా అని. 2025 ఆగస్టులో వచ్చిన కేంద్ర చట్టం నిషేధించింది డబ్బు కాసి డబ్బు గెలిచే ఆటలను. రమ్మీ, పోకర్ పందేలను ఆంధ్రప్రదేశ్ 2020లోనే కట్టడి చేసింది. కారు ఆటలు ఆ కోవలోకి రావు. అయితే అసలు డబ్బుతో ఆటలోని డబ్బు కొనుక్కునే కిటికీ చాలావాటిలో ఉంది, గ్రాన్ టురిస్మో 7లో కూడా. ఓపికగా ఆడితే వారాలు పట్టే కారును కార్డు గీకి క్షణంలో తెచ్చుకోవచ్చు. ఆ కార్డు నాన్నది. కొనుగోలుకు పాస్‌వర్డ్ పెట్టడం మొదటి రోజే చేయవలసిన పని.

ఎఫ్1 ఆటలు దాదాపు ఏటా కొత్త సంచికగా వస్తూ వచ్చాయి. జట్లు, డ్రైవర్లు మారతారు, మిగతాది చాలావరకు పాతదే. ఈ ఏటి డ్రైవరు పేరు కోసం పూర్తి ధర కట్టాలా, నిరుటిది సగానికి తీసుకోవాలా అన్నది మీ అభిమానం తేల్చాలి. మన దేశపు బుద్ధ్ సర్క్యూట్‌లో 2011 నుంచి 2013 దాకా మూడేళ్ళు ఫార్ములా వన్ జరిగింది, మూడుసార్లూ జర్మన్ డ్రైవరు వెటెలే గెలిచాడు. ఆ ట్రాకు ఆ మూడేళ్ళ ఆటల్లో ఉండేది. ఇప్పటివాటిలో లేదు, ఆ పాత సంచికలేమో అంగడి దిగిపోయాయి. కంప్యూటర్ మీది అసెట్టో కోర్సాకు ఈ బాధ తక్కువ. అభిమానులు చేసిన ట్రాకులను, కార్లను దానికి చేర్చుకోవచ్చు.

మా వాడి కథ కూడా చివరికి కంప్యూటర్ మీదే తేలింది. వాడి కన్సోల్ మీద పనిచేయని స్టీరింగు నా పాత కంప్యూటర్ మీద పనిచేసింది. మొదట ఒక కొత్త ఆటను, కంప్యూటర్ ఆటలమ్మే స్టీమ్ అనే ఆన్‌లైన్ దుకాణంలో కొన్నాం. నా యంత్రం దాన్ని మోయలేక ఎండాకాలం ఎద్దులా రొప్పింది. కొన్న 14 రోజుల లోపు, ఆడింది 2 గంటలకు మించకుండా ఉంటే స్టీమ్‌లో డబ్బు వెనక్కి అడగవచ్చు. నలభై నిమిషాలకే అడిగాం, వచ్చింది. ప్లేస్టేషన్ దుకాణంలో ఈ సౌకర్యం ఆట దించుకోవడం మొదలుపెట్టనంత వరకే, గుర్తుంచుకోండి. తరవాత 2014 నాటి అసెట్టో కోర్సాను పండగ తగ్గింపులో కొన్ని వందలకు తీసుకున్నాం. పాత కంప్యూటర్ మీద హాయిగా 60 బొమ్మలు వచ్చాయి. జర్మనీలోని నూర్‌బర్గ్‌రింగ్ పాత ట్రాకుకు మాత్రం విడిగా కట్టాలి. ఒక్క చుట్టు 20.8 కిలోమీటర్లు. శ్రీకాకుళం నుంచి ఆమదాలవలస కన్నా దూరం, దారంతా కొండ మలుపులే.

ఆ సాయంత్రం సాలూరు నుంచి మా పెదనాన్న వచ్చారు. ముప్పై ఏళ్ళు లారీ మీద ఒడిశా ఘాటీ ఎక్కి దిగిన మనిషి. ఆడమంటే మొదట సిగ్గుపడ్డారు, తరవాత పంచె సర్దుకుని కూర్చున్నారు. దిగుడు వచ్చేసరికి అందరిలా బ్రేకు తొక్కలేదు. రెండో గేరులో వేసి ఆక్సిలరేటరు మీంచి కాలు తీసేశారు. ఇంజను ఊళపెట్టింది, కారు దానంతటదే నెమ్మదించింది.

"ఇంజను పట్టింది రా, ఇది బండే" అన్నారు.

మేనల్లుడు తన ఫోనులోని ఉచిత ఆట ఇచ్చి ఇదెలా ఉందో చెప్పమన్నాడు. దానికి గేర్లే లేవు. ఒక మలుపు చూసి తిరిగి ఇచ్చేశారు. మళ్ళీ స్టీరింగు పట్టుకుని దాని మీదున్న మీటలన్నీ ఒక్కొక్కటీ నొక్కి చూస్తున్నారు. ఏం కావాలి పెదనాన్నా అంటే, హారను ఎక్కడుందన్నారు. రేసు కార్లకు హారను ఉండదని మేమిద్దరం ఎంత చెప్పినా నమ్మలేదు.